మూకచిత్రమున సంప్రదానవిచారము

వాక్కు నాట్యమునకు శరీరమని భరతముని చెప్పెను. శరీరమే లేనిచోట రసము దేని నాశ్రయించి నిలుచునని ప్రశ్నించి, మూకచలనచిత్రములను గావ్యవిచారమునకుఁ దేరాదని వాదించు పండితులు కలరు. అందును విదేశీయమై, ఊరూరఁ దిరిగి విద్యను బ్రదర్శించు నొక స్త్రీకిని గుఱ్ఱపుబండి తోలువానికిని నడుమ నంకురించిన వలపును దెలుపునదైనచో, అది వినోదమాత్రమునకే కాని శాస్త్రచర్చకుఁ దగదని వారి తలంపు. నేనీ వ్యాసమున విచారింపఁబూనినది సరిగా నట్టి చిత్రమే. అది జపానుదేశమున 1933 వ సంవత్సరమున మిజోగుచి కెంజి (1898–1956) దర్శకత్వమున వెలువడిన “తకి నో షిరాఇతో”.

ఈ చిత్రమును బ్రేమకథయనియు, త్యాగశీలయగు నొక స్త్రీ దురదృష్టకథయనియుఁ జెప్పుట సులభము. ఆ మాట యసత్యము కాదు గాని చాలదు. ఈ కథను నడపునది వలపుకంటె ముందుగా నీవి. ఇచ్చినవా రెవరు, పుచ్చుకొన్నవా రెవరు, ఇచ్చిన పిమ్మట నిచ్చినవారికి దానిపై నేమి మిగిలియుండును అను ప్రశ్నలే యిందు మొదటినుండి తుదివఱకు నల్లుకొనియున్నవి. ఇవి వైయాకరణులకుఁ గ్రొత్తవి కావు. కారకప్రకరణమున సంప్రదానమును నిర్ణయించునప్పుడు మన పూర్వులు వీనినే విచారించిరి. ఆ వెలుఁగునఁ జూచినచో నీ చిత్రపుఁ గథాబంధము చక్కఁగాఁ దెలియును. నాయకుఁడు నిర్జీవుఁడనియు, తుదిమరణములు కృత్రిమములనియుఁ దోఁచు నాక్షేపణములకు సమాధానమును దొరకును. నిజమైన దోష మెచ్చట నున్నదో యదియుఁ దెలియును.

ముందుగా గ్రంథచరిత్రము. ఈ కథకు మూలకర్త ఇజుమి క్యోకా (1873–1939). ఈతఁడు కనజావా పట్టణమున జన్మించి, ఒజాకి కోయో యను ప్రసిద్ధ రచయితకు శిష్యుఁడై రచన నభ్యసించెను. 1894 లో “గికెత్సు క్యోకెత్సు” అను పేర నీ కథ యొమియురి వార్తాపత్రికయందు వరుసగాఁ బ్రకటితమయ్యెను. గురువు దానిని దిద్దియిచ్చెను. మఱుసటియేఁడే కవకామి ఒతొజిరో నాటకబృందము దానిని రంగస్థలమున కెక్కించెను. కబుకి యను ప్రాచీననాటకమునకు భిన్నముగా, సమకాలజీవితమును బ్రదర్శించుటకై పుట్టిన సంప్రదాయమునకు ‘షిన్పా’ యని పేరు. క్రొత్తశాఖ యని దాని యర్థము. ఆ శాఖకుఁ జెందిన నాటకములలో నీ కథ యత్యంతప్రసిద్ధమైనది. కావున మిజోగుచి చేతికి వచ్చునప్పటికే యీ కథ వార్తాపత్రికయందు నలిగి, రంగస్థలమున నలుబదియేండ్లకుఁ జేరువగా నాడఁబడి, జనులకుఁ గంఠస్థమైయుండెను.

చిత్రమున నాయికపాత్రము ధరించినది ఇరియె తకాకో (1911–1995). ఈమె కులీనకుటుంబమునఁ బుట్టి, నటియై, తన పేరనే యొక చిత్రనిర్మాణసంస్థను స్థాపించెను. ఈ చిత్రమును నిర్మించినదియు నా సంస్థయే. నాయకపాత్రము ధరించిన ఒకాదా తొకిహికో (1903–1934) చిత్రము వెలువడిన మఱుసటియేఁటి మొదటి నెలలోనే క్షయవ్యాధిచే మరణించెను. కినెమా జుంపో యను పత్రిక 1933 నాఁటి యుత్తమచిత్రములను వరుసపఱుచుచు దీనికి రెండవస్థాన మిచ్చెను. మొదటిస్థానము ఒజు యసుజిరో “దెకిగొకొరొ” యను చిత్రమునకు లభించెను, అదియు మూకచిత్రమే. జపానున మాటలాడు చిత్రము 1931 లోనే వచ్చియుండఁగా, రెండేండ్ల పిదపఁ గూడ మూకచిత్రములే యగ్రస్థానముల నలంకరించుట గమనింపఁదగినది. దీని కారణమును మున్ముందు చెప్పుదును.

ఇతివృత్తము సంగ్రహముగా నిది. మిజుషిమ తొమొ యను స్త్రీ జలవిద్యను బ్రదర్శించి జీవించును. విసనకఱ్ఱ కొననుండియుఁ గత్తిమొననుండియు నీటితీఁగలను జిమ్మించుట యా విద్య. రంగమున నామె పేరు తకి నో షిరాఇతో. జలపాతపుఁ దెల్లనిదారము లని యర్థము. ఒకనాఁ డామె గుఱ్ఱపుబండిలోఁ బ్రయాణము చేయుచుండఁగా, బండికిని మనుష్యులు లాగు రిక్షాకును బందెము పడును. బండి చెడిపోవును. వేళకుఁ జేర్చెదనన్న మాటను నిలుపుకొనుటకై బండివాఁడు తక్కిన ప్రయాణికులను దారిలో విడిచి, యామెను మాత్రము గుఱ్ఱముపై నెక్కించుకొని పోవును. అతఁడు మురకొషి కిన్యా. న్యాయశాస్త్రము చదువఁగోరియు ధనము లేమిచే బండి తోలుచున్నవాఁడు. ఆ సాహసముచే నతని కొలువు పోవును. కొంతకాలమునకుఁ గనజావాయందు రాత్రివేళ వంతెనయొద్ద నిద్రించుచున్న యతని నామె చూచి గుర్తించును. తోక్యోకుఁ బోయి చదువుమనియు, అందులకగు వ్యయము తాను పంపుదుననియు జెప్పును. అతఁ డంగీకరించును.

కొన్నియేండ్లు ధనము తప్పక పోవుచుండును. కాని జలవిద్య వేసవికిఁ దగినది. మంచు కురియు చలికాలమున నీటియాటను జూచువా రుండరు. ఆదాయము తఱిగిపోవును. చేయి చాఁచినవారిని గాదనలేని స్వభావముచే నామెయొద్ద నిలువయు నుండదు. అప్పు డామె ఇవబుచి యను వడ్డీవ్యాపారి యొద్ద సొమ్ము తెచ్చును. ఆ సొమ్మును గత్తులు విసరు విద్యగలవాఁ డొకఁడు తనవారితోఁ గలసి దారికొట్టి తీసికొనును. దీని వెనుక ఇవబుచియే యున్నాఁడని తెలిసికొని యామె మరల నాతనియొద్దకుఁ బోవును. అచ్చటి పెనఁగులాటలో నతఁ డామెచేత హతుఁడగును. తుదకామె పట్టువడి న్యాయస్థానమునకుఁ దేఁబడునప్పటికి, ప్రభుత్వపక్షమున నభియోగము నడపుట కచ్చటికి వచ్చిన క్రొత్త ప్రాసిక్యూటరు కిన్యాయే. ఆమె సత్యమును జెప్పి, నాలుక కొఱుకుకొని మరణించును. అతఁడును బ్రాణత్యాగము చేయును.

ఇఁక వాక్కును గూర్చిన శంక. జపానున మూకచిత్రము నిశ్శబ్దముగాఁ బ్రదర్శింపఁబడలేదు. తెఱప్రక్కన ‘బెన్షి’ యను వ్యాఖ్యాత నిలిచి, పాత్రములన్నిటికిని దానే గొంతిచ్చి, నడుమనడుమఁ గథాసూత్రమును విప్పి చెప్పుచుండెను. వాద్యములును దోడుగా మ్రోగుచుండెను. తొకుగవా ముసెయి (1894–1971) వంటి బెన్షి నటులతో సమానముగాఁ గీర్తి గొనెను. మాటలాడు చిత్రములు వచ్చినను మూకచిత్రములు కొన్నియేండ్లు నిలువఁగలుగుటకు వీరి ప్రాబల్య మొక ముఖ్యకారణము. ఈ యాచారమునకు వేళ్లు ప్రాచీనములు. బున్రకు అను బొమ్మలాటయందు ‘తయూ’ యనువాఁడు ప్రక్కనఁ గూర్చుండి బొమ్మలన్నిటి మాటలను దానే పలుకును. మన తోలుబొమ్మలాటయందును దెఱవెనుకనుండి వచ్చు గొంతే బొమ్మకు వాక్కగును. కథకళియందు నటుఁడు పలుకఁడు. వెనుక నిలిచిన గాయకులు పాడుదురు. ఇవి యన్నియు నాట్యములే యైనప్పుడు, ఈ చిత్రమున వాచికము లేదనుట సరికాదు. వాచికము నటుని నోటినుండి వేఱుపడినదనుట సరి.

ఈ వేఱుపాటువలన నీ చిత్రమునకుఁ గలిగిన ప్రయోజన మొకటి యున్నది. నాయిక జీవితమంతయు నితరులకై చెల్లిపోయినది. ఆమె మాటయు నితరుని నోటనే వినఁబడును. న్యాయస్థానమున సత్యము చెప్పుట యామె చేసిన వాగ్వ్యాపారములలో నెల్ల గొప్పది. దానిని మనము చూతుము గాని యామె గొంతున వినము. పిమ్మట నామె వాగింద్రియమునే ఖండించుకొనును. మాట వినఁబడని చిత్రమున నాలుకను గొఱుకుకొని చచ్చుట కేవలము భయంకరవ్యాపారము కాదు. చెప్పవలసినది చెప్పితిని, ఇఁక నాకు మాటతోఁ బనిలేదని దాని ధ్వని. ఇదియే మాటలాడు చిత్రమున నున్నచో నార్తనాదమై బీభత్సమునకుఁ ద్రోవఁదీయును. ఇచ్చట మౌనమే దానిని గరుణమునందు నిలిపినది. బెన్షి విద్యను గాపాడుటకై పాటుపడి పాతచిత్రములను సేకరించిన మత్సుదా షున్‌సుయ్ (1925–1987) శిష్యురాలు సవాతో మిదోరి వ్యాఖ్యానముతో నీ చిత్రము నేఁడు లభించుచున్నది. వినువా రీ మాటను బరీక్షించి చూడవచ్చును.

ఇఁక సంప్రదానవిచారము. ఇచ్చుట యను క్రియయందు ఈయఁబడు వస్తువు కర్మము. ఆ కర్మముతోఁ గర్త యెవని నుద్దేశించునో వాఁడు సంప్రదానమని పాణిని మతము. ఈ సంజ్ఞ యన్వర్థమని చెప్పు వ్యాఖ్యాతలు, ఇచ్చువాఁడు తన స్వత్వమును బూర్తిగా విడిచి, మరలఁ బుచ్చుకొనని విధమున నిచ్చినప్పుడే పుచ్చుకొన్నవాఁడు సంప్రదానమగునందురు. చాకలికి వస్త్రము వేసినప్పుడు చాకలి సంప్రదానము కాఁడు. వస్త్రము మరల మన యింటికే రావలసియున్నది గదా. భర్తృహరి వాక్యపదీయమున సంప్రదానము మూఁడు తెఱఁగులుగాఁ జెప్పఁబడినది. ఇమ్మని ప్రేరేపించువాఁ డొకఁడు, యాచకుఁ డట్టివాఁడు. ఇచ్చెద ననఁగా సరే యని యనుమతించువాఁ డింకొకఁడు. అడుగకయు, అనుమతింపకయు, కాదని త్రోయకయు నుండువాఁడు మూఁడవవాఁడు. అర్ఘ్యము నందుకొను సూర్యుఁ డిందులకు వ్యాఖ్యాతలు చూపు నుదాహరణము.

తెలుఁగున నీ విచారమునకు మఱియొక చవి కలదు. మన వ్యాకరణములయందుఁ ‘గొఱకు’, ‘కై’ యనునవి చతుర్థిలోఁ జేరును; ‘కి’, ‘కు’ లు షష్ఠిలోఁ జేరును. అయినను లోకమున ‘అతని కిచ్చెను’ అని సంబంధమును దెలుపు విభక్తితోడనే వాడుక. ‘అతని కిచ్చెను’ అనుటకును ‘అతనికొఱ కిచ్చెను’ అనుటకును గల యంతరము తెలుఁగుచెవి కిట్టె తెలియును. మొదటిదానియందు వస్తువు చేయి మాఱుట ముఖ్యము. రెండవదానియందు నిచ్చినవారి తపన ముఖ్యము. షిరాఇతో సొమ్ము కిన్యాకిచ్చెను. కాని యామె పడిన పాటు కిన్యాకొఱకు. మొదటిది లెక్కకు వచ్చును. రెండవది యే లెక్కకును రాదు.

ఇప్పుడు కిన్యా యే తెఱఁగు సంప్రదానమో చూతము. అతఁ డడుగలేదు, కావునఁ బ్రేరకుఁడు కాఁడు. ఊరక యందుకొనను లేదు. ఏల నాకు నీ సాయము, దీనికి నేనేమి చేయవలయు నని యడిగెను. ఆమె సమాధానము చిన్నది. తనపైఁ బ్రేమ యుంచినఁ జాలునని. తనవా రనఁదగినవారు లేని స్త్రీ, తనవాఁ డనఁదగిన యొకనిని గోరెను. అప్పు డతఁ డంగీకరించెను. కావున నతఁ డనుమంత. ఇది గ్రహింపనివారికే కిన్యా నిర్జీవుఁడుగాఁ దోఁచును. ఆమె శ్రమించుచుండఁగా నతఁడు పుస్తకముల ముందుఁ గూర్చుండియుండును, నిజమే. కాని యనుమతి యొక క్రియ. సూర్యునకు నర్ఘ్యము పోసినవాఁడు సూర్యునిఁ గట్టివేయఁడు. సరే యని పలికినవాఁడు తన్నుఁ దానే కట్టివేసికొనును. కిన్యా పాత్రమంతయు నా యొక్క ‘సరే’ యను మాట మోయు బరువు. ఆ బరువు తుదిదృశ్యమువఱకును బైకిఁ గనఁబడదు. కనఁబడకుండ నుంచుట దర్శకుని నేర్పు.

ప్రతిఫలముగాఁ బ్రేమను గోరినప్పు డది దానమెట్లగును, బేరము కాదా యని యడుగవచ్చును. బేరమున నిచ్చువాఁ డొకటి విడిచి యొకటి పుచ్చుకొనును. షిరాఇతో సొమ్మును విడిచినది. కిన్యాను దనచేతఁ బట్టుకొనలేదు. అతనిని దోక్యోకుఁ బంపివేసినది. ఆమె కోరినది యతనిపై స్వత్వము గాదు, తనకొక సంబంధము. చాకలికి వేసిన వస్త్రమువలె నతఁడు మరల రావలయునని యామె లెక్క వేయలేదు. కావున నన్వర్థపక్షమునఁ గూడ నిది శుద్ధసంప్రదానమే.

న్యాయస్థానమునఁ గారకములు తారుమాఱగును. పూర్వార్ధమున నామె కర్త, ధనము కర్మము, కిన్యా సంప్రదానము. ఉత్తరార్ధమున నభియోగమను క్రియకుఁ గిన్యా కర్త, ఆమె కర్మము. అతనిచేతి న్యాయశాస్త్ర మామె యిచ్చినదే. అదియే యిప్పు డామెపైఁ బ్రయోగింపఁబడుచున్నది. పైకిఁ జూచుట కిట్లున్నను, పాణిని మతమున స్వతంత్రుఁడే కర్త. ఇచ్చట స్వతంత్రు లెవరు? కిన్యా తన యధికారధర్మమునకు బద్ధుఁడు. ఆమెయో, నిజము చెప్పినను జెప్పకున్నను దన యిచ్చ. ఆమె కోరునది తన విడుదల గాదు. అతఁడు తాను చదివిన ధర్మమును నెఱవేర్చుట. అనఁగా నభియోగమను నీ క్రియనుగూడ నిజమునకు నడపునది యామెయే. మొదట సొమ్మిచ్చినట్లు, తుద నతని ధర్మము నతనికిఁ దానే యిచ్చుచున్నది. బంధింపఁబడి నిలిచిన స్త్రీ తుదివఱకుఁ గర్తయై యుండుట యీ చిత్రపు గొప్పతనము.

ఇంతవఱకు గుణములు. ఇప్పుడు మూలమునుండి కథ మాఱినచోటును బరిశీలింపవలయును. క్యోకా కథయందు హతులు వేఱు. సొమ్ము పోఁగొట్టుకొని మతి చెదరిన నాయిక యొక పరాయియింటఁ జొచ్చి, యే పాప మెఱుఁగని దంపతులను జంపి ధనము గొనును. నేరము కత్తులు విసరువానిపైఁ బడును. ఆమె సాక్షిగా వచ్చి, మొదట నిజమును దాఁచును. నిజము చెప్పుమని కిన్యాయే యామెను బ్రబోధించును. ఆమె చెప్పును, మరణశిక్ష పడును, ఆ సాయంకాలమే కిన్యా చచ్చును. చిత్రమున నా నిరపరాధులగు దంపతుల స్థానమున దుష్టుఁడగు వడ్డీవ్యాపారి నిలిచెను.

నాయకునకుఁ గాని రసమునకుఁ గాని యనుచితమైనది మూలకథలో నున్నచో విడువవలయు, లేదా మఱియొక విధమునఁ గల్పింపవలయునని దశరూపకమున ధనంజయుఁడు చెప్పెను. మాయురాజు ఉదాత్తరాఘవమున వాలివధను విడుచుటయు, భవభూతి మహావీరచరితమున వాలి రావణపక్షమువాఁడై రామునిపైకి రాఁగా రాముఁడు వధించినట్లు మార్చుటయు నిందుల కుదాహరణములు. జపానుచిత్రమున జరిగిన మార్పును సరిగా నీ జాతిదే. నిరపరాధిని జంపిన స్త్రీపైఁ బ్రేక్షకునకు జాలి నిలుపుట కష్టము. దుష్టుని జంపినచో జాలి సులభముగా నిలుచును. శాస్త్రమునుబట్టి దీనిని దప్పు పట్టరాదు.

అయినను నా మనస్సు మూలమువైపే మొగ్గును. కారణము చెప్పెదను. దానమునకు ద్రవ్యశుద్ధి ముఖ్యమని మన ధర్మశాస్త్రములు చెప్పును. న్యాయార్జితమైన ధనమే దానార్హము. క్యోకా కథలో నీ ప్రశ్న నిప్పువలె మండుచుండును. ప్రాణముకంటె మిన్నగాఁ బ్రేమించినవాఁడు న్యాయశాస్త్రము చదువుటకై పరమాన్యాయమున సంపాదించిన ధనము! ఆ దాన మెంత నిర్మలమో యా ద్రవ్య మంత మలినము. ఈ రెంటి నడుమ న్యాయస్థాన మేమి తీర్పు చెప్పినను సత్యమే. ఏమి చెప్పినను జాలదు. చిత్రమున ఇవబుచి దుర్మార్గుఁ డగుటచే ద్రవ్యమాలిన్య మాతనిమీఁదికిఁ బోయినది. నాయిక యపరాధము సగము తఱిగినది. అపరాధము తఱిగినప్పుడు మరణదండనముయొక్క యనివార్యతయుఁ దఱుగును. ఆమెకు శిక్ష తప్పునేమో యను నాశ ప్రేక్షకునకుఁ బొడముటయు, ఆ యాశను గొట్టివేయుటకు నాలుక కొఱుకుకొనుట కావలసివచ్చుటయు నిందువలననే. పాత్రౌచిత్యము నిలిచినది గాని వస్తువుయొక్క పట్టు సడలినది. ఈ చిత్రమున నాకుఁ గనఁబడిన ముఖ్యదోష మిది. కిన్యాయే సరిగా నా న్యాయస్థానమునకు వచ్చుట యను కాకతాళీయము మూలమునందును గలదు. అది కథాకల్పనకు బీజము గావున దానిని దోషముగా నెంచను.

ఈ దోషమును జాలవఱకుఁ గప్పినది జలవ్యంజనము. రంగముపై నామె చేయి చాఁచినఁ జాలు, నీరు లేచును. చేయి దించిన నడఁగును. వంతెనక్రింది యేటినీ రామె చెప్పినట్లు వినదు. ఈ రెండు నీళ్ల నడుమ నామె బ్రదుకు నడచినది. ఆమె యీవి వేసవినీటివలెఁ బొంగి, చలికాలమున నెండిపోయినది. ఎండిన తావుననే నేరము పుట్టినది. కవి ఋతువును వర్ణనమునకై కాక కారణముగా నుపయోగించుట యిది. మన కావ్యములయందు ఋతువర్ణన మెక్కువభాగ ముద్దీపనవిభావమై యుండును. ఇచ్చట ఋతువు కూలిలెక్కలోనికి దిగివచ్చి కథను ద్రిప్పినది. పేరును సార్థకమే. నీటిదారము కంటికి దారమువలెనే యుండును. దానితో ముడి వేయఁబోయిన వ్రేళ్ల సందులనుండి జాఱిపోవును.

రసనిర్ణయము చేయవలసియున్నది. విప్రలంభశృంగారము సాపేక్షమనియుఁ, గరుణము నిరపేక్షమనియు భరతుఁడు వేఱుపఱిచెను. ఆశ యున్నంతవఱకు విప్రలంభము, ఆశ తీఱినచోఁ గరుణము. ఆమె కనజావాయందును నతఁడు తోక్యోయందును నున్న యేండ్లు విప్రలంభము. వా రెడబాసియున్న కొలఁదిని రతి పెరుఁగుచుండును. ఉత్తరములు, సొమ్ము, ఎదురుచూపు దానికి విభావానుభావములు. వింత యేమనఁగా, వారు మరలఁ గలసికొనిన చోటనే యాశ నశించును. న్యాయస్థానమున నిరువురు నెదురెదుర నున్నారు. దూరము కొన్ని యడుగులు. ఆ సన్నిధియే నిజమైన వియోగము. సంయోగమే కరుణమునకు ద్వారమగుట మన రూపకములయం దరుదు.

మృచ్ఛకటికము నిచ్చటఁ దలఁచుకొనవలయును. అందును నాయిక కళాజీవనము చేయునది, నాయకుఁడు దరిద్రుఁడు, ధనము నాయికవైపునుండి ప్రవహించును. తుద న్యాయాధికరణము, హత్యాభియోగము, మరణదండనము గలవు. కాని చంపఁబడినదనుకొన్న వసంతసేన బ్రదికి వచ్చుటతో నెల్ల ముడులును విడిపోవును. శూద్రకుఁడు న్యాయస్థానము పొరపాటు పడఁగలదని చూపి, దైవముచేత దానిని దిద్దించెను. జపానుకథలో న్యాయస్థానము పొరపాటు పడలేదు, అదియే దుఃఖము. మన సంప్రదాయమున నాయకమరణము నిషిద్ధము గావున నీ చిత్రము నాట్యధర్మమునకు విరుద్ధమని త్రోసివేయవచ్చునా? భాసుని ఊరుభంగమున దుర్యోధనుఁడు రంగముననే ప్రాణములు విడుచును. నిషేధము కేవల దుఃఖావసానమునకే కాని, మరణముచే నొక ధర్మము పూర్తియగుచోట దానిని వర్తింపఁజేయరాదని తలఁచెదను.

కిన్యా మరణమువలనఁ బూర్తియైన ధర్మ మేది? అతఁ డభియోక్తగాఁ దన యధికారధర్మమును దీర్చెను. అనుమంతగాఁ దన మాట యింకను మిగిలియున్నది. సొమ్మునకు సొమ్ము తిరిగి యీయవచ్చును. ‘అతనికొఱకు’ అను చతుర్థికిఁ దిరిగి యీయఁదగినది సొమ్ము గాదు. అతఁడు చచ్చినది పశ్చాత్తాపమువలననే గాదు, ఋణము తీర్చుటకే గాదు. తానును ‘ఆమెకొఱకు’ అని యొక్కమాఱైనఁ జెప్పుకొనుటకు. ఇట్లు చూచిన రెండుమరణములు రెండుగావు. ఒక దానమునకుఁ బ్రతిదానము. న్యాయస్థానపుఁ దీర్పునకు మించిన తీర్పు లేదని నమ్మినవారి కిది యాత్మహత్యయే. దానిని మెచ్చుకొనుమని నేననను. కావ్యమున నది పొసఁగినదని మాత్రమే నా మాట.

మిజోగుచి యీ యొక్క చిత్రమునందే యీ వస్తువును బట్టుకొనలేదు. క్యోకా కథనే యాధారముగాఁ గొని 1935 లో నిర్మించిన “ఒరిజురు ఒసెన్” అను చిత్రమున నొక స్త్రీ దన బ్రదుకును ధారవోసి యొక యువకుని వైద్యునిగాఁ జేయును. తుద కతఁ డామెను మతి చెడిన స్థితిలోఁ జూచును. 1939 నాఁటి “జంగికు మొనొగతారి” యందు నొక దాసి తన జీవితమును బలియిచ్చి యొక కబుకినటుని మహానటునిగాఁ దీర్చును. దర్శకుని బాల్యమున కుటుంబము దారిద్ర్యమునఁ బడఁగా, అతని యక్క గెయిషావృత్తిలోఁ బ్రవేశింపవలసివచ్చె ననియు, పిదప నామెయే తమ్మునకు సాయపడె ననియు నాతని జీవితచరిత్రములు చెప్పును. స్త్రీ యిచ్చినదానిపై నిలిచి పైకివచ్చిన పురుషుని ప్రశ్న యాతనికిఁ బుస్తకములనుండి వచ్చినది కాదు.

మనకును నది పుస్తకములలోని ప్రశ్న గాదు. వారములు చెప్పుకొని చదివిన పండితు లెందఱో యీ పత్రికను జదువువారిలో నుందురు. విద్యార్థికి వారమునకొకదిన మన్నము పెట్టిన గృహిణి పే రే బిరుదపత్రమునందును నుండదు. అన్నము పెట్టించిన గృహస్థు పేరు కొందఱు చెప్పుకొందురు. వండి వడ్డించిన చేయి ‘కొఱకు’ అను విభక్తిలో నడఁగిపోవును. సంప్రదానమును బాఠము చెప్పునప్పుడు విప్రునకు గోవు నిచ్చుటయుఁ, జాకలికి వస్త్రము వేయుటయు నుదాహరించి ముగింతుము. పుచ్చుకొన్నవాని యనుమతి యెంత బరువైనదో, ఆ యనుమతితో వాఁ డేమేమి తలకెత్తుకొనుచున్నాఁడో చెప్పము. “తకి నో షిరాఇతో” యా చెప్పని భాగమును జెప్పుచున్నది. నోరులేని చిత్రమైనను, కారకప్రకరణమునకు మంచి వ్యాఖ్యానమని పండితు లంగీకరింపఁదగినది.